మాస్టారి మూడో సినిమా

మా స్క్రీన్‌ప్లే మాస్టారు ఏప్రిల్‌లో పోయారు. వాళ్ల అమ్మాయి పొద్దున్నే ఈమెయిల్ పెట్టింది గానీ నేను చూసుకునేసరికి పదకొండయింది. సన్నీవేల్‌లో ఇండియన్ గ్రోసరీ ముందు కారులో కూర్చుని, కరివేపాకు పొట్లం ఒళ్లో పెట్టుకుని చదివాను. నాలుగే వాక్యాలు. నిద్రలోనే వెళ్లిపోయారు, బాధపడలేదు, నలభై తొమ్మిదో రోజున బౌద్ధాలయంలో ప్రార్థన ఉంటుంది, మీరు తప్పకుండా రావాలి. చదవగానే ముందు నాకు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. ఇంకో నెలన్నర ఆగలేకపోయారా అనుకున్నాను. పోయినవాళ్ల మీద కోపం పెట్టుకోకూడదని మా అమ్మ అంటుంది. ఈ ఒక్క మనిషి విషయంలో నాకది చేతకావడం లేదు.

ఆ వారం ఇక్కడి చిన్న పత్రికలో ఆయన గురించి రెండు లైన్లు వేశారు. 'రిటైరైన ఉపాధ్యాయుడు, తోటపని అంటే ఇష్టం' అని. ఆయన తోటపని చేయగా నేనెప్పుడూ చూడలేదు. బాల్కనీలో ఒకే ఒక్క కుండీ ఉండేది, అందులో మొక్క ఎండిపోయి రెండేళ్లయినా తీసి పారేయలేదు. జపాన్‌లో రెండు సినిమాలు తీసిన దర్శకుడని గానీ, ఇంకో పది పన్నెండు సినిమాలకు స్క్రీన్‌ప్లే రాశారని గానీ ఒక్క ముక్క లేదు. ఇదంతా ఎవరికీ తెలియకుండా పోతుందేమోనన్న ఉక్రోషంతోనే ఇది రాస్తున్నాను. నా తప్పు కూడా ఇందులో ఉంది. అదీ రాస్తాను.

నేను 2004లో అమెరికా వచ్చాను. అంతకుముందు హైదరాబాద్‌లో డబ్బింగ్ సినిమాలకూ సీరియళ్లకూ తెలుగు మాటలు రాసేదాన్ని. తెర మీద మనిషి పెదాలు ఎక్కడ కలుస్తున్నాయో చూసి, సరిగ్గా అక్కడ ఒక పా, ఒక మా, ఒక బా పడేలా వాక్యం కుదర్చాలి. పేరొచ్చే పని కాదు గానీ నాకు బాగా వచ్చిన పని. పెళ్లయ్యాక మా ఆయన హెచ్‌-1బీ ఉద్యోగ వీసా వెనకాల హెచ్‌-4 వీసా మీద వచ్చాను. ఆ వీసా మీద ఉన్నవాళ్లు చదువుకోవచ్చు, తిరగొచ్చు, పిల్లల్ని కనొచ్చు, పని మాత్రం చేయకూడదు. మా అపార్ట్‌మెంట్లలో నాలాంటివాళ్లం ఆరుగురం ఉండేవాళ్లం. అందులో ఒకామె పళ్ల డాక్టరు. మధ్యాహ్నాలు అందరం కలిసి కూరలు తరిగేవాళ్లం.

పిచ్చెక్కుతోందని గోల చేస్తే మా ఆయనే దగ్గరున్న కమ్యూనిటీ కాలేజీలో స్క్రీన్‌ప్లే క్లాసు వెతికిపెట్టారు. వెళ్లాను. గదిలో ఎనిమిది మందిమి. బోర్డు దగ్గర పొట్టిగా, బక్కగా, అరవై తొమ్మిది డెబ్బై ఏళ్ల జపనీస్ ఆయన కూర్చుని చాకుతో పెన్సిల్ చెక్కుతున్నారు. షార్ప్‌నర్ ఉంది కదా అని ఎవరో అంటే, పెన్సిల్ చెక్కినంతసేపూ సీను ఆలోచించుకోవచ్చు అన్నారు. ఇంగ్లీషు తక్కువ. వాక్యానికి మూడు మాటలు, తర్వాత మౌనం.

మొదటి వారం ఒక భార్యాభర్తల సీను రాయమన్నారు. నేను నాలుగు పేజీలు రాసుకెళ్లాను. డబ్బింగ్ అలవాటు కదా, ఒక్క క్షణం కూడా ఖాళీ వదల్లేదు. ఆయన చదువుతూ మాటలన్నీ కొట్టేసుకుంటూ పోయారు. నాలుగు పేజీల్లో చివరికి మిగిలింది 'ఆమె తలుపు తీస్తుంది' అన్న ఒక్క లైను. నాకు తల కొట్టేసినట్టయింది.

"ఇది బాగుంది" అన్నారు ఆ లైను చూపించి.

"మిగతాది?"

"నోరు తెరిచినప్పుడు ఏమవుతుందో రాశావు. నోరు మూసుకున్నప్పుడు ఏమవుతుందో రాయి."

ఇంటికొచ్చి మా ఆయనతో ఇంకెప్పుడూ వెళ్లనన్నాను. తర్వాతి వారం అందరికంటే ముందు వెళ్లి కూర్చున్నాను. అప్పటి నుంచి ఆయన్ని మాస్టారూ అని పిలిచాను. అర్థం అడిగి తెలుసుకుని, ఆ మాట బాగుందని తల ఊపారు.

ఆయన కథ క్లాసులో ఎవరికీ చెప్పలేదు. తర్వాతెప్పుడో ముక్కలు ముక్కలుగా నాకు తెలిసింది. టోక్యోలో ఒక పెద్ద స్టూడియోలో ఇరవై రెండేళ్లకు అసిస్టెంటు డైరెక్టరుగా చేరారట. అక్కడ అసిస్టెంట్లు వరస ప్రకారం పైకి రావాలి, వరస వచ్చేలోగా స్క్రిప్టులు రాసి తమకు సత్తా ఉందని చూపించుకోవాలి. ఈయన తొమ్మిదేళ్లు క్లాపు కొట్టారు, వర్షం సీన్లకు పైపు పట్టుకున్నారు, మిగతా టైములో రాశారు. ఆయన వంతు వచ్చి మొదటి సినిమా తీశారు. అది ఒక మాదిరిగా ఆడింది. ఇంక కుదురుకున్నట్టే అనుకునేసరికి స్టూడియోనే మూతపడింది. రెండోది స్నేహితులంతా కలిసి, ఎవరి కెమెరా వాళ్లు తెచ్చి, ఎవరి అన్నం వాళ్లు తెచ్చుకుని తీసిన సినిమా. నాలుగు హాళ్లలో వేశారు. తర్వాత టీవీ నాటకాలు. ఆపైన లాస్ ఏంజెలెస్ నుంచి ఎవరో పిలిస్తే మూడో సినిమా తీయడానికని అమెరికా వచ్చారు. పిలిచినవాళ్లు మారిపోయారు, ఆ కథ ఆగిపోయింది. భార్య పోయాక శాన్ హోసేలో ఉన్న కూతురి దగ్గరికి చేరారు. ఈ దేశంలో ఇరవై ఏళ్లుగా ఆయన పని ఒక్కటే, ఆ మూడో సినిమా రాయడం. రాసినదాన్ని మళ్లీ రాయడం.

చేరేవాళ్లు చాలడం లేదని కాలేజీవాళ్లు ఆ క్లాసు తీసేశారు. ఆఖరి రోజున ఆయన నాతో, మంగళవారాలు మా ఇంటికి రా, రాద్దాం అన్నారు. వెళ్లాను. మొదట ఒక్కదాన్నే, మా అమ్మాయి పుట్టాక స్ట్రోలర్‌తో సహా. ఆరేడేళ్లొచ్చాక అది ఆయన్ని చూసి "అమ్మా, తాత ఎందుకు ఎప్పుడూ క్వైట్‌గా ఉంటాడు? తాత శాడ్ ఉన్నాడా?" అనేది. ఆయన శాడ్‌గా ఏం లేరు, సీను కుదరక చిరాగ్గా ఉండేవారు. ఆ చిరాకు నాకూ అంటింది, ఇప్పటికీ పోలేదు.

ఆయన రాసే పద్ధతి వేరు. ఒకే సీను ఇద్దరూ ఒకే బల్ల మీద ఎదురెదురుగా కూర్చుని విడివిడిగా రాయాలి. మాట్లాడకూడదు. అయ్యాక కాగితాలు మార్చుకుని చదవాలి. ఎవరిది బాగాలేదో అది చెత్తబుట్టలోకి. మొహమాటం లేదు. మొదటి ఏడాదంతా నావే బుట్టలో పడ్డాయి. ఆయన గళ్ల కాగితం మీద జపనీస్‌లో రాసి, పక్కనే ఇంగ్లీషులో చెప్పేవారు. నేను విని టైపు చేసేదాన్ని. మధ్యాహ్నం నేను తీసుకెళ్లిన పెరుగన్నం, మాగాయ తినేవారు. మాగాయ టెంకను వదిలిపెట్టకుండా చీకేవారు.

మూడో సినిమా శాన్ హోసే చుట్టూ ఉన్న ఈ లోయలోనే పూలతోటలు పెంచిన ఒక జపనీస్ కుటుంబం కథ. భర్త తెల్లవారుజామున పూలు తీసుకుని మార్కెట్‌కి పోతాడు. భార్యకి ఇంగ్లీషు రాదు, బయట ఎవరూ తెలియదు. ఆ భార్య పాత్రే ఆయనకు ఇరవై ఏళ్లుగా పట్టుబడలేదు. ఒక రోజు పెన్సిల్ కింద పెట్టి నన్నడిగారు.

"నువ్వు పది నుంచి పదకొండు దాకా ఇంట్లో ఏం చేస్తావు?"

"గిన్నెలు కడుగుతాను మాస్టారూ."

"అయిపోయాక?"

నిజం చెప్పాను. "కడిగినవే మళ్లీ కడుగుతాను. నీళ్ల చప్పుడు ఆగిపోతే ఇల్లు మరీ నిశ్శబ్దంగా ఉంటుంది."

ఇది మా ఆయనకు కూడా ఎప్పుడూ చెప్పలేదు. మాస్టారు కాగితం నా వైపు జరిపారు. ఆ రోజు ఇద్దరం ఆ సీను రాశాం. చదువుకున్నాక ఆయనది తీసుకుని నాలుగు మడతలు పెట్టి బుట్టలో వేశారు. మొదటిసారి ఆయనది. ఆ తర్వాత ఆ భార్య సీన్లన్నీ నావే నిలిచాయి. రెండేళ్లకు స్క్రిప్టు పూర్తయింది.

2009లో ఒక నిర్మాత వచ్చాడు. కుర్రవాడిగా ఉన్నప్పుడు ఎక్కడో ఫిలిం క్లబ్బులో ఈయన రెండో సినిమా చూశాడట, ఆ రోజు నుంచీ వెతుకుతున్నాడట. స్క్రిప్టు పంపితే చదివి, లాస్ ఏంజెలెస్ నుంచి కారేసుకుని వచ్చేశాడు. మాస్టారు ఆ రోజు కోటు వేసుకున్నారు. చిన్న సినిమానే, కానీ మీరే తీయాలి, వచ్చే వసంతంలో మొదలుపెడదాం అన్నాడు నిర్మాత. మాస్టారు టీ కప్పు కింద పెట్టేశారు. అప్పుడు ఆ నిర్మాత స్క్రిప్టు మొదటి పేజీ తిప్పి, ఇద్దరు రచయితలూ సంతకం పెట్టాలి, కాగితాలు పంపుతాను అన్నాడు. ఇద్దరెవరా అని చూశాను. ఆయన పేరు కింద నా పేరుంది. మొదటి పేజీ ఆయనే విడిగా టైపు చేయించుకున్నారు, నాకు చెప్పలేదు.

ఎవరైనా సంతోషిస్తారు. నాకు మాత్రం భయం వేసింది. హెచ్‌-4 మీద ఉన్న మనిషి మెదడు అలాగే పనిచేస్తుంది. ఎక్కడైనా తన పేరు కనబడితే ముందు వీసా గుర్తొస్తుంది.

మా ఆయన కాగితాలు చదివి వాళ్ల కంపెనీ లాయర్‌కి ఫోన్ చేశారు. సాయంత్రం వంటింటి గట్టు దగ్గర నిలబడి చెప్పారు.

"చూడు, ఇందులో రైటర్ అని క్లియర్‌గా ఉంది. కింద పేమెంట్ క్లాజ్ ఉంది. అది వర్కే అయితదంట."

"డబ్బు వద్దని రాసిస్తే?"

"అట్ల కూడా కుదరదంట. డబ్బులిచ్చి చేయించుకునే పని ఫ్రీగా చేసినా ప్రాబ్లమేనంట. గ్రీన్ కార్డ్ ఫైల్ మధ్యలో ఉంది మనది. రేపు ఎవరన్నా క్వశ్చన్ చేస్తే ముగ్గురం ప్యాక్ చేసుకోవాలె. ఏ పేపర్ మీద సైన్ చేయొద్దన్నడు."

"మాస్టారి సినిమా ఆగిపోతుంది."

"నాకు తెల్వదా? నేను వద్దంటలేను. నువ్వే చెప్పు, ఏం చేద్దాం?"

మా ఆయన్ని తప్పుపట్టను. సంతకం పెడతానని చెప్పే ధైర్యం నాకే లేదు. నిర్మాతకు విషయం రాస్తే పాపం అతనే దారి చూపించాడు. స్నేహితురాలిగా టైపింగులో సాయం చేశాను, రచనలో నా భాగం ఏమీ లేదు అని ఒక లేఖ మీద సంతకం చేస్తే చాలన్నాడు. ఎగిరి గంతేశాను. ఆ లేఖ ప్రింటు తీసుకుని మంగళవారం మాస్టారింటికి వెళ్లాను, ఆయన ముందే సంతకం పెడదామని.

ఆయన భూతద్దం తెచ్చుకుని చదివారు. తర్వాత నా చేతిలో పెన్ను తీసేసుకున్నారు.

"ఇది అబద్ధం."

"అవును మాస్టారూ. నాకేం నష్టం లేదు. నాకు పేరొద్దు."

"నీకు వద్దు. సరే. గిన్నెల సీను ఎవరు రాశారు?"

"ఎవరు రాస్తే ఏం? సినిమా వస్తుంది కదా."

అప్పుడు చెప్పారు, అంతకుముందెప్పుడూ చెప్పనిది. అసిస్టెంటుగా ఉన్న రోజుల్లో ఒక పెద్ద దర్శకుడికి ఈయన ఒక స్క్రిప్టు మొత్తం రాసిచ్చారు. సినిమాకి వాళ్ల అమ్మను తీసుకెళ్లారు. ఆమె ఊరి నుంచి రైల్లో వచ్చిందట. పేర్లు పడుతుంటే ఆమె ముందుకు వంగి ఒక్కొక్కటీ చదువుకుంటోంది. అయిపోయాయి. "నీ పేరు వెళ్లిపోయిందా, నేనే చూసుకోలేదా?" అని అడిగిందట. ఆయన, "నువ్వే చూసుకోలేదమ్మా" అన్నారట. ఆమె బతికినన్నాళ్లూ తన కళ్లద్దాలు మంచివి కావనే అనుకుంది.

"రాసినవాళ్ల పేరు రాసినవాళ్లది" అన్నారు. "నేనూ తీసేయకూడదు. నువ్వూ తీసేయకూడదు."

"మీకు డెబ్బై నాలుగేళ్లు. ఇది కాకపోతే ఇంకెప్పుడు తీస్తారు?"

"తెలీదు."

"అయితే నా కోసం మీ సినిమా చంపుకుంటారా? నేనడిగానా? నా పేరు వేయమని మిమ్మల్ని ఎవరడిగారు?" గట్టిగానే అరిచాను. మా అమ్మాయి బెదిరి ఏడుపు మొదలెట్టింది.

ఆయన అరవలేదు. లేఖను నాలుగు మడతలు పెట్టి బుట్టలో వేశారు.

నిర్మాత మూడు నెలలు ఓపిక పట్టాడు. రచయితనని సంతకం పెట్టడానికి నేను భయపడ్డాను, కాదని పెట్టడానికి ఆయన ఒప్పుకోలేదు. వసంతం వచ్చి వెళ్లింది. ఆ నిర్మాత వేరే సినిమా తీసుకున్నాడు. ఇంతే జరిగింది. ఇందులో చెడ్డవాళ్లెవరూ లేకపోవడమే నాకు ఇప్పటికీ మింగుడుపడదు. ఎవరో ఒకరు దుర్మార్గుడు ఉంటే హాయిగా తిట్టుకునేదాన్ని. మా గ్రీన్ కార్డు ఫైలు ఆ రోజు ఎక్కడుందో ఇంచుమించు ఈ రోజూ అక్కడే ఉంది. దేన్ని కాపాడుకోవడానికని అంత భయపడ్డానో నాకే అర్థం కాదు.

ఏడు నెలలు ఆయన గుమ్మం తొక్కలేదు. ఒక శనివారం ఆయనే సైకిల్ మీద మా ఇంటికి వచ్చారు. చెమటలు కారుతున్నాయి, చేతిలో ఒక కాగితం. పలకరింపు లేదు, "ఇరవయ్యో సీను బాగాలేదు" అన్నారు. నేను మంచినీళ్లిచ్చాను. మంగళవారం వెళ్లాను. నిర్మాత సంగతి ఆయన ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు. తీసేవాళ్లు లేని సినిమాను ఇంకో అయిదేళ్లు దిద్దాం.

ఈ ఏడాది, అంటే 2015 ఫిబ్రవరిలో ప్రభుత్వం ప్రకటన వచ్చింది. హెచ్‌-4లో ఉన్న మాలాంటివాళ్లు మే నెలాఖరు నుంచి పనికి అనుమతి అడగొచ్చని. మా ఆరుగురిలో ఇంకా మిగిలినవాళ్లం ఇద్దరమే, ఇద్దరం ఫోనులో ఏడ్చాం. నేను నేరుగా మాస్టారి దగ్గరికి వెళ్లాను. అప్పటికి ఆయన శాన్ హోసేలో వృద్ధుల హోముకి మారారు, మంచం దిగడం తగ్గించారు. విషయం చెబితే రెండుసార్లు చెప్పించుకున్నారు.

"కాగితం తీసుకురా" అన్నారు.

"ఏ కాగితం మాస్టారూ?"

"సంతకం కాగితం."

ఆ నిర్మాతకు రాశాను. మర్యాదగా జవాబిచ్చాడు. సినిమాలు మానేసి చాలాకాలమైందట, ఇళ్లు అమ్ముతున్నాడట, మాస్టారిని అడిగానని చెప్పమన్నాడు. అబద్ధం చెబుదామా అని దారి పొడుగునా ఆలోచించుకుని, చివరికి మాస్టారికి చెప్పలేక ఉన్నదే చెప్పాను. నవ్వారు. "అయితే ఇంకొకరిని చూద్దాం. ఈలోగా చివరి సీను దిద్దు. నువ్వు రాసినదాంట్లో మాటలెక్కువ."

అదే ఆయన నాతో అన్న చివరి మాట. మాటలెక్కువ అట. పదకొండేళ్లు ఎదురుగా కూర్చోబెట్టుకుని రాయించిన మనిషి వెళ్తూ వెళ్తూ ఒక మెచ్చుకోలు పడేసి పోవచ్చు కదా. ఆ సీను ఇప్పటికి ఆరుసార్లు రాశాను. బాగాలేదని చెప్పేవాళ్లు లేక ఏది బుట్టలో వేయాలో తెలియడం లేదు.

నలభై తొమ్మిదో రోజు మే నెలాఖరు దాటాక వచ్చింది. అప్పటికి నా అప్లికేషన్ పోస్టులో వేసి రెండు రోజులు. మా ఆయన ఆఫీసుకి సెలవు పెట్టి నాతో వచ్చారు. బౌద్ధాలయం ముందు చిన్న బల్ల, దాని వెనక మాస్టారి అమ్మాయి, బల్ల మీద వచ్చినవాళ్లు రాయడానికి ఒక పుస్తకం. పేరు, ఊరు, ఆయనకు ఏమవుతారు, సంతకం. నా ముందున్నవాళ్లు విద్యార్థి అనీ, పొరుగువాడు అనీ రాశారు. పేరు, ఊరు రాశాను. మూడో గడి దగ్గర పెన్ను ఆగింది. పక్కకు చూస్తే మా ఆయన కూడా ఆ గడినే చూస్తున్నారు. "రాయి" అన్నారు మెల్లగా. సహరచయిత అని రాశాను.

నా వెనక నిలబడ్డ తెల్లజుట్టు జపనీస్ ఆవిడ కళ్లజోడు సవరించుకుని చదివారు.

"ఏ సినిమాకి?" అని అడిగారు.

"మూడో సినిమాకి."

"రెండే తీశారనుకున్నానే."

"రెండే తీశారండి" అన్నాను, సంతకం పెడుతూ.

మాస్టారి అమ్మాయి పుస్తకాన్ని తన వైపు తిప్పుకుంది. ఆ లైను చదివింది, ఇంకోసారి చదివింది. పేజీ నిండిపోయింది, తిప్పాలి. సిరా ఇంకా తడిగా ఉంది. వరసలో అంతమంది ఎదురుచూస్తుండగా ఆమె వంగి, నా పేరు మీద నెమ్మదిగా ఊదుతూ కూర్చుంది.